ఎడమ చక్రం

తంగెళ్ళవాగు పాలిటెక్నిక్‌లో ఎలక్ట్రానిక్స్ చెప్పే స్వరూపకు వారమంతటిలో శనివారం మధ్యాహ్నమంటేనే ఇష్టం. ఆ పూట క్లాసులుండవు. ల్యాబులో బల్లలు గోడకు జరిపించి, విద్యార్థుల చేత చిన్న చిన్న రోబో బండ్లు చేయించేది. ఒక్కో బండికి రెండు చక్రాలు, రెండు మోటార్లు, ఒక బ్యాటరీ, చిటికెనవేలి గోరంత చిప్. ఆ చిప్‌కు రెండు చానళ్ళు. ఒక చానల్ ఎడమ మోటారుకు కరెంటు పంపుతుంది, ఇంకోటి కుడి మోటారుకు. రెండూ ముందుకు తిప్పితే బండి ముందుకు పోతుంది. ఒకదాన్ని ముందుకు, ఒకదాన్ని వెనక్కు తిప్పితే ఉన్నచోటే గిర్రున తిరుగుతుంది. మొదటిరోజు అందరూ ఆ గిరగిరలే చేయించి నవ్వుకునేవాళ్ళు.

అలాంటి ఒక శనివారమే ఆమెకు ఆ సంగతి కంటబడింది. మోటార్లకు కరెంటు ఆపేసి, కొలిచే పరికరం తీగలు మాత్రం తీయకుండా వదిలేసి టీకి లేచింది. పక్కగదిలో ఎవరో కుర్చీ జరిపారు. తెరమీద గీత వణికింది. మళ్ళీ జరిపారు, మళ్ళీ వణికింది. స్వరూప టీ సంగతి మరిచిపోయి నేలమీద కూర్చుంది. నేల అదిరినప్పుడు చక్రం వెంట్రుకవాసి కదులుతోంది. కదిలిన మోటారు సైకిలు డైనమోలాగా పిసరంత కరెంటు పుట్టిస్తోంది. ఆ కరెంటు చిప్‌లోకి తిరిగి వస్తోంది. అంటే బండి తన కాళ్ళతో వింటోంది.

దానిమీద ఆమెకు మూడేళ్ళు పట్టింది. మామూలు చిప్ ఆ సన్నటి కరెంటును పట్టుకోలేదు. ఆమె తనే కొత్త చిప్ గీసి, తెలిసినవాళ్ళ ద్వారా బయట తయారు చేయించి తెప్పించుకుంది. ఒక చానల్ చక్రాన్ని నడిపిస్తున్నా, పట్టి ఉంచినా, రెండో చానల్ వింటూ ఉంటుంది. ల్యాబులో పెడితే మెట్లమీద నడిచే మనిషి అడుగులు స్పీకరులో వినిపించేవి. అది చూసి అందరికంటే ఎక్కువ మురిసినవాడు ఆమె బావ ఓదెలు.

ఓదెలు మూడో నంబరు బొగ్గుబాయిలో కప్పుకు సపోర్టులు నిలబెట్టే పని చేసేవాడు. స్వరూప తల్లిదండ్రులు పోయాక అక్క భాగ్య క్వార్టరే ఆమెకు పుట్టిల్లు. ఆదివారం అక్కడే భోజనం. ఒక ఆదివారం ఆమె బండిని తీసుకుపోయి వాళ్ళ వంటింట్లో పెట్టింది. పెరట్లో భాగ్య బట్టలు ఉతుకుతున్న దెబ్బలు స్పీకరులో ధన్‌ధన్‌మని మోగాయి. ఓదెలు అన్నం కలుపుకుంటున్నవాడల్లా చేయి ఆపేశాడు.

"మేం కప్పును గడ్డపారతోని కొట్టి ఇంటం స్వరూపా," అన్నాడు. "గట్టిగ మోగితే నిలవడ్తం. డొల్లగ మోగితే ఉరుకుతం. ఇరవై ఏండ్లసంది నా పానం నా చెవులల్లనే ఉన్నది. నీ బండి నాకంటె ముందు ఇంటదంటె, దాన్ని నేనే సంకనేసుకొని దిగుత."

దిగుదువులే, ముందు అన్నం తిను అని భాగ్య పెరట్లోంచే కసిరింది. ఓదెలు ఆ తర్వాత ఏ ఆదివారమూ ఆ మాట ఎత్తకుండా ఉండలేదు. ఇంకొన్నాళ్ళు పరీక్షించాలి బావా అని స్వరూప ప్రతిసారీ చెప్పేది.

ఆషాఢమాసంలో ఒక గురువారం పొద్దున పదిన్నరకు మూడో నంబరు బాయిలో కప్పు కూలింది. ఆరుగురు పనిచేస్తున్న చోటది. ఐదుగురు బయటికి ఉరికారు. చివరి సపోర్టు దగ్గరున్న ఓదెలు రాలేదు. ఇరవై గజాల మేర బండ పడిపోయి దారి మూసుకుంది.

కబురు అందేసరికి స్వరూప క్లాసులో ఉంది. ఆమె బోర్డుమీద సగం రాసిన సర్క్యూట్ అలాగే వదిలేసి, ల్యాబులోంచి బండిని తీసి సంచీలో పెట్టుకుని ఆటో ఎక్కింది. బాయి గేటు దగ్గర అప్పటికే జనం. భాగ్య పోలీసుల తాడు లోపల నేలమీద కూర్చుని ఉంది. ఏడవడం లేదు. చెల్లెలిని చూసి, "తెచ్చినవా దాన్ని?" అని మాత్రం అడిగింది.

మేనేజరు నరహరి ఇంకో సమయంలో అయితే ఒప్పుకునేవాడు కాడేమో. ఆ పూట ఎవరేమిచ్చినా తీసుకునే స్థితిలో ఉన్నాడు. రెస్క్యూ టీం కెప్టెన్ సారంగపాణి ముప్పై ఆరేళ్ళ మనిషి, మాట తక్కువ. బండిని అటూ ఇటూ తిప్పి చూసి, బరువెంత, నీళ్ళు తగిలితే ఏమవుతుంది అని రెండు ప్రశ్నలు అడిగి పట్టుకుపోయాడు. రెండు బండల మధ్య జానెడు సందు దొరికితే అందులోంచి దాన్ని లోపలికి పంపారు. దాని తోకలాగా తీగ. ఆ తీగ టెలిఫోను లైనుతో కలిసి పైకి, మేనేజరు ఆఫీసు పక్కగదికి వచ్చింది. అక్కడ స్వరూప కంప్యూటరు, స్పీకరు పెట్టుకుని కూర్చుంది.

బండి పన్నెండు గజాలు పోయింది. తర్వాత ఆగిపోయింది. ఎడమ చక్రం ఎక్కడో ఇరుక్కుంది. ముందుకూ రాలేదు, వెనక్కూ రాలేదు. అక్కడి నుంచే వినాలని స్వరూప నిర్ణయించుకుంది. వినేటప్పుడు బండి అదరకుండా ఎడమ చానల్‌తో చక్రాన్ని పట్టి ఉంచి, కుడి చానల్‌తో వినాలి. బ్యాటరీ పొదుపు కోసం మిగతా సమయమంతా చిప్‌ను నిద్రపుచ్చాలి.

కింద రెస్క్యూ వాళ్ళు నీళ్ళ పైపుమీద సుత్తితో మూడు దెబ్బలు కొట్టి, కొట్టామని ఫోనులో చెప్పారు. స్వరూప చిప్‌ను నిద్రలేపింది. గదిలో పదిమంది స్పీకరు చుట్టూ వంగారు. స్పీకరులో చిన్నగా, దూరంగా, కానీ స్పష్టంగా వినిపించింది. టక్. టక్. టక్.

కాసేపటికి మళ్ళీ మూడు.

ఆ గదిలో ఎవరు ముందు అరిచారో తెలియదు. కబురు గేటు దాకా పోయింది. జనం ఒకరినొకరు పట్టుకున్నారు. భాగ్యను లోపలికి తీసుకొచ్చి స్పీకరు ముందు కూర్చోబెట్టారు. ఆమె స్పీకరును రెండు చేతులా పట్టుకుని, చెవి ఆనించి విన్నది.

ఆనాటి నుంచి భాగ్య ఆ కుర్చీ దిగలేదు. తన మాట అవతలికి పోదని ఎన్నిసార్లు చెప్పినా స్పీకరుతో మాట్లాడుతూనే ఉంది. కింద సుత్తి దెబ్బలు పడిన ప్రతిసారీ స్వరూప చిప్‌ను లేపేది, ప్రతిసారీ జవాబు వచ్చేది. ఒకసారి భాగ్య, రెండే కొట్టమనండి, మనల్నే వింటున్నాడో లేదో తెలుస్తుంది అన్నది. రెండు కొట్టారు. జవాబు మూడే వచ్చింది. ఆయాసంలో లెక్క తప్పి ఉంటాడని ఎవరో అన్నారు. స్వరూప కూడా అవునన్నట్టే తలూపింది.

శుక్రవారం మధ్యాహ్నానికి ఒక మూడు దెబ్బలకూ ఇంకో మూడింటికీ మధ్య ఎడం పెరిగింది. చప్పుడు సన్నబడింది. తిండి లేదు, గాలి చాలదు, చేతిలో సత్తువ పోతోంది అనుకున్నారంతా. భాగ్య తొందరపెట్టడం మొదలుపెట్టింది.

అదే మధ్యాహ్నం నరహరి స్వరూపను వరండాలోకి పిలిచాడు. కింద కప్పు ఇంకా కదులుతోందట. కొత్తగా పెట్టిన సపోర్టులు కూడా కిర్రుమంటున్నాయట. లోపల మనిషి లేడనుకుంటే ఆయన ఈ క్షణమే టీంను పైకి పిలిచేస్తాడు. కప్పు కుదుటపడడానికి వారమైనా ఆగుతాడు.

"అవి మనిషి కొడుతున్న దెబ్బలేనా మేడం? మీ బండి గురించి మీకే తెలుసు. మీరు ఒక్కమాట చెప్పండి."

స్వరూప కిటికీలోంచి చూసింది. అక్క స్పీకరుకు చెంప ఆనించి ఏదో చెబుతోంది.

"మనిషివే సార్," అన్నది.

శనివారం మధ్యాహ్నం మూడు దాటాక కప్పు రెండోసారి కూలింది. సారంగపాణి, అతని వెనకే ఉన్న టీం మనిషి కొమురెల్లి దానికింద పడ్డారు. టీంలో మిగతా నలుగురు గాయాలతో బయటపడ్డారు. ఆ సాయంత్రం స్పీకరులో చప్పుడు కూడా ఆగిపోయింది.

కప్పు కుదుటపడి, రాళ్ళు తీసి, ముగ్గురినీ పైకి తేవడానికి ఇంకో ఎనిమిది రోజులు పట్టింది. ఓదెలు సపోర్టు పక్కనే దొరికాడు. ఛాతీమీద మంచమంత బండ. అతను పడిన క్షణంలోనే పోయాడని, రెండు చేతులూ బండకిందే ఉన్నాయని, ఒక్క దెబ్బ కూడా కొట్టి ఉండడని డాక్టరు చెప్పాడు. భాగ్య ఆ మాట వినిపించుకోలేదు. డాక్టరుకేం తెలుసు, నేను నా చెవులతో విన్నాను అన్నది. బంధువులంతా ఆమెనే నమ్మారు.

స్వరూప నమ్మలేకపోయింది. బండిని కూడా రాళ్ళతోపాటే పైకి తెచ్చారు. ఎడమ చక్రం ఇనుపజాలీలో మెలిపడి ఉంది. దినకర్మలు అయిన మర్నాడు పొద్దున్నే ఆమె ల్యాబుకు పోయి, అలాంటిదే ఇంకో బండిని తీసింది. ఎడమ చక్రాన్ని బల్లకున్న ఇనుప వైస్‌లో కదలకుండా బిగించింది. కుడి చక్రం కింద మెత్తటి దూది పరిచింది, నేల చప్పుడేదీ తగలకుండా. తలుపులు మూసి, చిప్‌ను నిద్రలేపింది.

టక్. టక్. టక్.

ఆమె కదలకుండా కూర్చుంది. మళ్ళీ మూడు వచ్చాయి. చిప్‌ను నిద్రపుచ్చి, లేపింది. వెంటనే మూడు.

జరిగిందేమిటో తెలుసుకోవడానికి గంట కూడా పట్టలేదు. చక్రం ఇరుక్కుంటే మోటారు కరెంటును మితిమీరి లాగుతుంది. కాలిపోకుండా చిప్ తనంతట తానే ఆ చానల్‌ను కట్టేస్తుంది. క్షణం ఆగి మళ్ళీ ప్రయత్నిస్తుంది, మళ్ళీ కట్టేస్తుంది. మూడుసార్లు ప్రయత్నించి, చల్లబడే దాకా ఊరుకుని, మళ్ళీ మొదలుపెడుతుంది. అలా ఎడమ చానల్ చేసిన ప్రతి ప్రయత్నం పక్కనే ఉన్న కుడి చానల్‌కు చిన్న దెబ్బలాగా వినిపించింది. బ్యాటరీ నీరసించే కొద్దీ దెబ్బ సన్నబడింది, ఎడం పెరిగింది. బ్యాటరీ అయిపోయాక ఆగింది. కింద సుత్తితో కొట్టిన ప్రతిసారీ జవాబు ఎందుకు వచ్చిందంటే, కొట్టిన ప్రతిసారీ ఆమే దాన్ని లేపింది కాబట్టి.

మూడేళ్ళలో ఇది ఒక్కసారి కూడా బయటపడలేదు. ల్యాబులో బండి చక్రం ఇరుక్కుంటే ఎవరో ఒకరు వంగి, చేత్తో తీసేవాళ్ళు.

విచారణ కమిటీ నెల తర్వాత కూర్చుంది. స్వరూప రెండు బండ్లూ పట్టుకుపోయి వాళ్ళ ముందే చేసి చూపించింది. కమిటీలో పెద్దాయన ఓపిగ్గా చూశాడు. ల్యాబులో ఇలా జరిగింది నిజమే, బాయిలో వచ్చినవి కూడా ఇవేనని నూటికి నూరుపాళ్ళు చెప్పగలరా అని అడిగాడు. తొంభై తొమ్మిది చెప్పగలనన్నది ఆమె. ఆయన రాసుకున్నాడు. నివేదికలో మాత్రం ఆ చప్పుళ్ళు కార్మికుడివి అయి ఉండే అవకాశాన్ని కాదనలేమని వచ్చింది. నరహరి ఆ కాగితం చూపిస్తూ, దీనివల్ల మీకూ మాకూ మేలే కదా మేడం అన్నాడు. బండిలో లోపం సరిచేసి ఇస్తే బాయికొకటి పెట్టుకుంటామని కంపెనీ ఉత్తరం కూడా రాసింది. స్వరూప ఆ ఉత్తరానికి జవాబివ్వలేదు.

అక్కకు చెప్పక తప్పదనుకుంది. చెప్పకుండా ఆ ఇంట్లో అన్నం తినడం ఆమెవల్ల కావడం లేదు. ఒక ఆదివారం భాగ్య చిక్కుడుకాయలు ఒలుస్తుంటే పక్కన కూర్చుని, తనూ రెండు కాయలు ఒలిచి, మొత్తం చెప్పింది. భాగ్య మధ్యలో అడ్డురాలేదు. అంతా విన్నాక, ఒలిచిన గింజలను గిన్నెలో వేళ్ళతో సర్దింది.

"ఆ రోజు పొద్దున ఆయనతోని మాట్లాడలేదు నేను," అన్నది చివరికి. "ముందటి రోజు ఏదో మాట అన్నడని కోపం. టిఫిను డబ్బ చేతిల వెట్టి మొకం తిప్పుకున్న. ఆ స్పీకరు కాడ రెండు దినాలు గదే చెప్పిన. తప్పయింది, నువ్వు రా అన్న. ఆయన కొట్టిండు. సరే అన్నడనుకున్న."

స్వరూప అక్క చేయి పట్టుకోబోయింది. భాగ్య గిన్నె ఎత్తుకుని లేచింది.

"నాకెందుకు చెప్పినవ్ చెల్లె? నీ బరువు దించుకుంటందుకు చెప్పినవ్. నేను యాడ దించుకోవాలె?"

ఆ తర్వాత ఆదివారం స్వరూప వెళ్తే తలుపు తెరిచే ఉంది, భాగ్య అన్నం కూడా పెట్టింది. మాట మాత్రం లేదు. మూడు ఆదివారాలు అలాగే జరిగాక స్వరూప వెళ్ళడం మానుకుంది.

ఇక సారంగపాణి ఇల్లు మిగిలింది. కొమురెల్లికి పెళ్ళి కాలేదు. అతని తల్లిదండ్రులు ఊరికి వెళ్ళిపోయారు. సారంగపాణి భార్య వనజ కంపెనీ క్వార్టరులోనే ఉంటోంది. ఒక పొద్దున పదింటికి స్వరూప వెళ్ళేసరికి ఆమె గుమ్మంలో చాపమీద కూర్చుని, టైలరు ఇచ్చిన జాకెట్లకు హుక్కులు కుడుతోంది. చాపమీదే కూర్చోమని, నీళ్ళిచ్చి, మళ్ళీ కుట్టుపని అందుకుంది. చెప్పండి మేడం, చేతులు ఆడితేనే నాకు మాట వినబడుతుంది అన్నది.

స్వరూప చెప్పింది. ఏదీ దాచకుండా, వరండాలో మేనేజరు అడిగిన మాట, తను చెప్పిన మాటతో సహా. సారంగపాణి వెళ్ళింది బతికున్న మనిషి కోసం కాదని, అక్కడ మనిషే లేడని, అతన్ని పంపింది తన మాటేనని చెప్పింది. చెబుతూ, ఇప్పుడీమె జాకెట్టు విసిరికొట్టి తన జుట్టు పట్టుకుంటే బాగుండునని అనుకుంది.

వనజ దారం కొసను పంటితో తెంపింది.

"ఆయనకు తెలుసు మేడం."

స్వరూపకు అర్థం కాలేదు.

"శుక్రవారం మాపటికి స్నానానికి ఇంటికొచ్చిండు. అన్నం పెడ్తుంటె అన్నడు. పైకొచ్చినప్పుడు స్పీకర్ల ఇన్న, చప్పుడైతె మంచిగనే ఇనవడ్తుంది గని, మనిషి చెయ్యి గంత సమంగ కొట్టదు, అలిసినోడు ఒకటి గట్టిగ కొడ్తడు, ఒకటి మెల్లగ కొడ్తడు, గిది గడియారం లెక్క కొడుతున్నది అన్నడు."

"మరి ఎందుకు దిగిండు?" స్వరూప అడిగింది.

"నేను గూడ గదే అడిగిన. పైన ఓదెలు భార్య ఆ స్పీకరు పట్టుకొని కూసున్నది, ఆమె ముందటికి వొయ్యి లోపల మనిషి లేడని ఎవలు చెప్పాలె అన్నడు. పైనుంచి మేడం మనిషే అంటున్నరు, చదువుకున్నోళ్ళు, నాదే తప్పు కావచ్చు అని గూడ అన్నడు. చెయ్యి కడుక్కొని పోయిండు."

వీధిలో కూరగాయల బండి వెళ్తోంది. వనజ లేచి రెండు వంకాయలు, కొత్తిమీర తీసుకుని వచ్చింది. స్వరూప అదే చాపమీద అలాగే ఉంది. మూడేళ్ళు ఆ చిప్‌తో కూర్చున్నది తను. ప్రతి గీతనూ తన చేత్తో గీసింది తను. మూడు రోజులు ఆ దెబ్బలను స్పీకరులో వింది, తెరమీద చూసింది. ఏ మూడింటిలో చూసినా దెబ్బకూ దెబ్బకూ మధ్య ఎడం అచ్చుగుద్దినట్టు ఒకటే. ఆ మనిషి ఒకటి రెండుసార్లు విని కనుక్కున్నాడు.

"ఇప్పుడు బాగైందా మేడం అది?" వనజ కొత్తిమీర కట్ట విప్పుతూ అడిగింది.

"బాగైంది."

"మల్ల అట్ల మోగదా?"

"మోగదు. రెండు చానళ్ళ నడుమ ఒక చిన్న ముక్క పెట్టిన. బియ్యపుగింజంత ఉంటది."

"ఎంతసేపు పట్టింది పెట్టేటందుకు?"

స్వరూపకు అబద్ధం చెప్పే ఓపిక కూడా మిగల్లేదు.

"అరగంట," అన్నది.

వనజ చేతులు ఆగాయి. ఆ పొద్దుటినుంచి మొదటిసారి, చేతిలో ఏ పనీ లేకుండా, కొత్తిమీర కట్టను పక్కన పెట్టింది. స్వరూప వైపు చూడలేదు. గోడకేసి చూస్తూ, అరగంట అని తనలో తాను ఒకసారి అనుకుంది. తర్వాత మెల్లగా కొంగు ముఖానికి అడ్డం లాక్కుని, వెళ్ళమన్నట్టు చెయ్యి ఊపింది.